టెలిఫోన్ డైరెక్టరీలో దొరికిన ప్రొఫెసర్
(తృతీయ బి.యస్సీ. విద్యార్థి)

మా బావి దగ్గర మోటారు స్టార్టరుకి ఎర్తింగు గుంత ఒకటుంది. ఎండాకాలం వచ్చిందంటే అందులో ఉప్పూ బొగ్గూ వేసి నాలుగు బిందెల నీళ్లు పొయ్యడం నా పని. “తడి లేకపోతే ఎర్తు పట్టదురా” అంటారు నాన్న. సరిగ్గా ఈ సూత్రం మీదనే 1959 జనవరిలో, ఒక బ్రిటిష్ టెలివిజన్ నాటకంలో, లండన్ నగరం బతికి బట్టకట్టిందంటే మిత్రులు నవ్వుతారేమో. ఆ నాటకం రాసినాయన నైజెల్ నీల్. సైన్సు విద్యార్థులమైన మనకి ఆయన పేరు తెలిసి ఉండాలని నా ఉద్దేశం.

నీల్ 1922లో ఇంగ్లండులో పుట్టాడు గాని, పెరిగింది ఐల్ ఆఫ్ మాన్ అనే చిన్న దీవిలో. వకీలు ఆఫీసులో పని నేర్చుకున్నాడు, అది నచ్చలేదు. వెలుతురు పడని కంటిజబ్బు వల్ల యుద్ధకాలంలో సైన్యంలోకీ తీసుకోలేదు. లండన్ వెళ్లి నటన నేర్చుకున్నాడు. రాసిన కథలు ‘టొమాటో కెయిన్’ పేరుతో 1949లో పుస్తకంగా వచ్చి, మరుసటేడు సోమర్‌సెట్ మామ్ బహుమతి తెచ్చాయి. 1951లో బి.బి.సి.లో జీతానికి కుదిరాడు.

1953 వేసవిలో ‘ది క్వాటర్‌మాస్ ఎక్స్‌పెరిమెంట్’ ఆరు వారాలు వచ్చింది. కథానాయకుడు రాకెట్ శాస్త్రజ్ఞుడు, ప్రొఫెసర్ బెర్నార్డ్ క్వాటర్‌మాస్. ఈ విచిత్రమైన ఇంటిపేరు నీల్‌కి లండన్ టెలిఫోన్ డైరెక్టరీ తిరగేస్తుంటే దొరికింది. బెర్నార్డ్ అన్నది రేడియో టెలిస్కోపు నిర్మించిన బెర్నార్డ్ లవెల్ పేరు. ముగ్గురితో ఆకాశానికి వెళ్లిన రాకెట్ ఒక్కడితో తిరిగొస్తుంది. ఆ ఒక్కడూ రోజురోజుకీ మనిషితనం పోయి మొక్కలాగా మారిపోతుంటాడు. చివరికి వెస్ట్‌మినిస్టర్ ఆబీలో దొరుకుతాడు. అప్పటికి అది మనిషి కాదు, విత్తనం చల్లడానికి సిద్ధంగా ఉన్న కలుపు.

ఆ భూతాన్ని ఎలా చూపించారనుకున్నారు? ఆబీ ఫోటోని పెద్దది చేయించి, దానికి కన్నం పెట్టి, తోలు గ్లవ్స్‌కి ఆకులూ అలములూ అంటించి, వాటిని తొడుక్కుని నీల్ స్వయంగా చేతులు లోపలికి దూర్చి ఆడించాడు. తయారీలో సాయం చేసింది జూడిత్ కెర్. 1954లో వాళ్ల పెళ్లయింది. తరవాతి కాలంలో పిల్లల పుస్తకాలతో ఆవిడ ప్రఖ్యాతి పొందింది. అదంతా ప్రత్యక్ష ప్రసారం. ఎవరన్నా మాట మరిచిపోతే దేశం మొత్తం చూస్తుంది. మొదటి రెండు భాగాలే ఫిల్ముకెక్కాయి, తక్కిన నాలుగూ వచ్చినదారినే గాలిలో కలిసిపోయాయి. ఆ చేతుల ఆట ఇక ఎవరూ చూడలేరు. నాకు మాత్రం అందులో నచ్చింది భూతం కాదు, క్వాటర్‌మాస్ దాన్ని ఎదుర్కొన్న తీరు. తుపాకీ పట్టుకోడు. లోపల ఇంకా ఎక్కడో మిగిలి ఉన్న ఆ ముగ్గురు మనుషుల్నీ పేరుపెట్టి పిలిచి, ఎదిరించమని బతిమాలతాడు.

నాటకాన్ని హామర్ కంపెనీ సినిమా తీసింది. హక్కులు బి.బి.సి.వి గనక నీల్‌కి వాటా లేదు. జీతగాడు పండించిన పంటలో జీతగాడికి గింజ రాదన్నది మాకు కొత్త సంగతి కాదు. ఆయన మాత్రం గట్టిగానే మండిపడ్డాడు. ఎప్పుడో 1967లో 3,000 పౌన్లు దయచేశారు.

1954 డిసెంబరులో జార్జ్ ఆర్వెల్ ‘1984’ని టెలివిజన్‌కి రాశాడు. దర్శకుడు రుడాల్ఫ్ కార్టియర్, ముఖ్యపాత్ర పీటర్ కుషింగ్. ఆదివారం ప్రసారమైతే సోమవారానికి గొడవ. ఇళ్లల్లో ఇంత భయంకరమైనవి చూపిస్తారా అని పార్లమెంటు దాకా వెళ్లింది. అయినా గురువారం నటులందరూ వచ్చి మొత్తం నాటకం మళ్లీ మొదట్నించీ ఆడారు!

ఎర్తింగు సంగతి ‘క్వాటర్‌మాస్ అండ్ ది పిట్’లోది. లండన్‌లో పునాదులు తవ్వుతుంటే పురాతన పుర్రెలూ, వాటి వెనక ఒక అంగారక నౌకా బయటపడతాయి. యాభై లక్షల ఏళ్ల కిందట అంగారకవాసులు మన పూర్వీకులైన వానరాల బుర్రల్ని మార్చారనీ, తమకన్నా వేరుగా ఉన్నవాణ్ణి చంపాలనే కసి అలా మనలో మిగిలిందనీ కథ. 1958లో లండన్‌లోని నాటింగ్ హిల్‌లో నల్లవారి మీద దాడులు జరిగిన కొద్ది నెలలకే ఇది వచ్చింది. దయ్యాలకి ఇనుమూ నీళ్లూ పడవన్న ముసలమ్మల మాటని డాక్టర్ రోనీ విద్యుచ్ఛాస్త్రంగా చదువుతాడు. తడి నేలకి కలిపిన ఇనప గొలుసుని ఆ రూపం మీదికి విసిరి, దానితోపాటు తానూ బూడిదవుతాడు.

1968లో రాసిన ఒక నాటకం పేరు ఇక్కడ అచ్చువేస్తే లెక్చరర్లు ఒప్పుకోరు. అందులో ఒక కుటుంబాన్ని దీవిలో పెట్టి, వాళ్ల కష్టాలని కెమెరాల్లో జనం రాత్రింబగళ్లు చూసి ఆనందిస్తారు. అలాంటి ప్రోగ్రాములు నిజంగా మన హాస్టల్ టీవీలోకి రావడానికి చాలా ఏళ్లు పట్టింది. నీల్ 2006లో పోయాడు.

చివరగా ‘క్వాటర్‌మాస్ 2’ (1955). పల్లెటూరిని నేలమట్టం చేసి అక్కడ పెద్ద పెద్ద గుమ్మటాలతో ఫ్యాక్టరీ కడతారు. కృత్రిమ ఆహారం చేస్తున్నామంటారు. కంచె, కాపలా. చిత్రీకరణ ఎసెక్స్‌లోని నిజమైన చమురు శుద్ధి కర్మాగారంలో జరిగింది. పక్కన రేకుల ఇళ్లలో ఉండే పనివాళ్లకి జీతం బాగానే ముడుతుంది, కాబట్టి లోపల ఏముందని ఎవరూ అడగరు. లోపలున్నది అమ్మోనియాలో బతికే పరగ్రహ జీవులు. ఆక్సిజన్ వాటికి విషం. చివరికి పనివాళ్లే కళ్లు తెరిచి, గుమ్మటంలోకి ఆక్సిజన్ ఎక్కిస్తారు.

సంక్రాంతి సెలవుల్లో దీన్ని ఫోనులో నాన్నకి చూపించాను. ఇంగ్లీషు రాదు గనక నేను చెబుతుంటే విన్నారు. మా చెరువు కింద భూములు ఫ్యాక్టరీకి కావాలని అంతకు ముందు నెలే కాగితాలొచ్చాయి. మీటింగులో నాన్న లేచి, “ఇంతకీ ఇక్కడ ఏం తయారుచేస్తారండీ?” అని అడిగితే, ఎకరానికి ఎంతిస్తారో మళ్లీ చదివి కూర్చోమన్నారు. గుమ్మటాలు కనబడగానే నాన్న ఫోను ఆపమన్నారు.

“వీళ్లన్నా చెప్పారా, ఏం చేస్తారో?”

“తిండి అని చెప్పారు నాన్నా.”

“మనకి అదీ చెప్పలేదు” అని లేచి మోటారు వెయ్యడానికి వెళ్లారు.