తొలి ఎపిసోడ్‌... తొలి మెట్టు!

టీవీలో పాటల పోటీ కొత్త సీజన్‌ మొదలైందంటే చాలు... ఇంటింటా న్యాయనిర్ణేతలే! 'అక్కడ శ్రుతి తప్పింది', 'చరణంలో ఊపిరి చాల్లేదు', 'చూస్తుండండి, ఈ పిల్ల ఫైనల్‌కి వెళ్తుంది'... సికింద్రాబాద్‌లోనే కాదు, అక్కడికి సుమారు పాతిక కిలోమీటర్ల దూరంలోని మేడ్చల్‌, శామీర్‌పేటల్లోనూ ఇవే తీర్పులు.

తెలుగునాట ఈ సందడికి ఊపు తెచ్చింది 1996లో ఈటీవీలో మొదలైన 'పాడుతా తీయగా'. ఎస్పీ బాలసుబ్రహ్మణ్యం తప్పుని తప్పని చెప్పేవారు, ఎలా పాడాలో పాడి చూపించేవారు. రాసిన కవినీ, బాణీ కట్టినవారినీ తలచుకోకుండా పాటను వదిలేవారు కాదు. పోటీ విలువ ఆయనకి తెలుసు మరి! 1964లో మద్రాసులో ఓ పోటీలో గెలిచిన కుర్రాడే, 1966లో కోదండపాణి సంగీతంలో తొలి సినిమా పాట పాడాడు. ఉష, మల్లికార్జున్‌, గోపికా పూర్ణిమ లాంటివారు బాలు వేదిక మీంచే సినిమాల్లోకి వచ్చారు.

2020 సెప్టెంబరు 25న బాలు కన్నుమూశారు. ఆయన లేకుండా ఆ కార్యక్రమమా? 2021 డిసెంబరులో కుమారుడు ఎస్పీ చరణ్‌ వ్యాఖ్యాతగా, చంద్రబోస్‌, సునీత, విజయ్‌ప్రకాష్‌ న్యాయనిర్ణేతలుగా కొత్త సీజన్‌ మొదలైంది. ఆ తొలి ఎపిసోడ్‌... పాడే పిల్లలకే కాదు, పాతికేళ్ల కార్యక్రమానికీ పరీక్షే!

ఆ తర్వాత రెండు నెలలకే, 2022 ఫిబ్రవరి 25న 'ఆహా'లో తెలుగు ఇండియన్‌ ఐడల్‌ మొదలైంది. తమన్‌, నిత్యామేనన్‌, కార్తీక్‌ న్యాయనిర్ణేతలు. వ్యాఖ్యాత శ్రీరామచంద్ర... 2010లో హిందీ ఇండియన్‌ ఐడల్‌ గెలిచిన మన గాయకుడు. ఒకప్పుడు ఫలితం కోసం గుండె చిక్కబట్టుకుని నిలబడ్డవాడే, ఇప్పుడు ఇతరుల ఫలితాలు ప్రకటించాడు.

నిజానికి తొలి ఎపిసోడ్‌లో మనం చూసేది ఆరంభం కాదు. అప్పటికే ఎన్నో గొంతులు వడపోతలో వెనక్కి వెళ్లిపోయి ఉంటాయి. మిగిలినవారి ఇల్లు, అమ్మానాన్నల కష్టం, కన్నీళ్లు కలిపి మనకి చూపిస్తారు. దాంతో పాట కంటే ముందే కథ మీద మనసు పడుతుంది. ఓట్లతో విజేత తేలే పోటీల్లో ఆ అభిమానానికి చాలా బలం!

మరి ఊరి శివార్లలోని పిల్లలకి శిక్షణ మాటేమిటి? సికింద్రాబాద్‌లో భక్త రామదాసు ప్రభుత్వ సంగీత నృత్య కళాశాల ఉంది. 2023 ఏప్రిల్‌లో ఎంఎంటీఎస్‌ రైలు మేడ్చల్‌ దాకా వచ్చింది. రాజీవ్‌ రహదారి మీది శామీర్‌పేట వారు బస్సో, సొంత బండో ఎక్కాల్సిందే. బడి, హోంవర్కు అయ్యాక ఆ ప్రయాణం... పిల్లతో పాటు అమ్మో నాన్నో కూడా పూట వదులుకోవాలి. తెర మీద ఆ ఖర్చు కనిపించదు.

అయినా కిరీటం ఒక్కటే దారి కాదు. 2006లో ఇండియన్‌ ఐడల్‌ ఫైనల్‌లో రెండో స్థానంలో నిలిచిన హైదరాబాదీ కారుణ్య, తర్వాత తెలుగు సినిమాల్లో ఎన్నో పాటలు పాడాడు. కాబట్టి తొలివారమే మీ ఇంటి బుజ్జి గాయని ఎంపిక కాలేదని దిగులు పడుతుంటే, ఆ సంగతి చెప్పండి. మర్నాడు పొద్దున్నే సాధనకి కూర్చోబెట్టండి!