పెన్నకు లేని మంచు

రాజుపాలెం బడిలో జీవనదుల పాఠం చెబుతుంటే పిల్లలు ఏటా అడిగేవాళ్లు, "మన పెన్న ఎండాకాలం ఎందుకెండిపోతుంది సార్?" అని. పెన్న నంది కొండల్లో పుట్టింది. వాన పడితే నీళ్లు, లేకుంటే ఇసుక. సింధు, సట్లెజ్‌లకు అట్లా కాదు, పైన హిమానీనదాలున్నాయి. ఏళ్ల తరబడి పడిన మంచు తన బరువుకే గట్టిపడి, మెల్లగా కిందికి జారుతూ, వాన లేని నెలల్లో కరిగి నదికి నీరిస్తుంది. మన కిరాణా కొట్టుకొచ్చే పంజాబు గోధుమలకు ఆ నీళ్లూ ఒక ఆధారం.

ఆ మంచు తరిగిపోతోంది. 2000 నుంచి 2023 దాకా ప్రపంచ హిమానీనదాలు ఏటా సగటున 27,300 కోట్ల టన్నుల మంచు పోగొట్టుకున్నాయి. దాంతో సముద్రమట్టం 18 మిల్లీమీటర్లు పెరిగింది. కోతతో ఇళ్లు పోగొట్టుకుంటున్న ఉప్పాడ లాంటి తీరాలకు ఇది చిన్న సంగతి కాదు.

నాకు ఎక్కువ భయం కొండల మీద నిలిచే నీళ్లంటేనే. కరిగిన నీరు సరస్సవుతుంది. దానికి కట్ట, మంచు తోసుకొచ్చిన రాళ్లూ మట్టీ. గేట్లుండవు, తూములుండవు. కట్ట తెగితే ఏమవుతుందో కడప జిల్లావాళ్లకు ఒకరు చెప్పాల్సిన పనిలేదు. 2021 నవంబరు 19న చెయ్యేరు మీద అన్నమయ్య ప్రాజెక్టు మట్టికట్ట తెగింది. పులపత్తూరు, మందపల్లి ఊళ్ల ఇళ్లలో, పొలాల్లో ఇసుక మేట వేసింది. సిక్కింలో 2023 అక్టోబరులో దక్షిణ లోనాక్ సరస్సు గట్టు తెగి, తీస్తా మీది చుంగ్‌తాంగ్ డ్యామే కొట్టుకుపోయింది.

హైదరాబాదు బాలానగర్‌లోని జాతీయ రిమోట్ సెన్సింగ్ కేంద్రం ఉపగ్రహ చిత్రాలతో ఇలాంటి సరస్సుల అట్లాసులు తయారుచేసింది. 1984 తర్వాత 676 సరస్సులు బాగా పెరిగాయని, అందులో 130 మన దేశంలోనివని ఇస్రో 2024లో ప్రకటించింది. హిమాచల్‌లోని గెపాంగ్ ఘాట్ సరస్సు 1989లో 36 హెక్టార్లు, 2022 నాటికి 101 హెక్టార్లు.

ఇంత దూరాన మనమేం చేస్తామనుకోకండి. ఎర్రగుంట్ల దగ్గర కలమళ్లలో 1,650 మెగావాట్ల థర్మల్ కేంద్రం ఉంది. ఆ బొగ్గు కాలితే పుట్టే కార్బన్ డయాక్సైడుకు జిల్లా సరిహద్దు తెలియదు, అది భూమంతటినీ వేడెక్కిస్తుంది, ఆ వేడికే కొండల మీది మంచు కరుగుతోంది. అటు మైలవరం మండలంలో పొగ లేకుండా కరెంటిచ్చే సోలార్ పలకలూ ఉన్నాయి. ఐక్యరాజ్యసమితి 2025 నుంచి ఏటా మార్చి 21ని హిమానీనదాల దినంగా పాటిస్తోంది. తోటి ఉపాధ్యాయులకు నా మనవి: ఆ వారంలో ఒక పూట పిల్లలను కలమళ్ల పొగగొట్టాలు, మైలవరం పలకలు రెండింటి దగ్గరికీ తీసుకెళ్లండి.