మాయామసియు తాటాకు లిపియు

కథలలో మాయామసు లనేకములు గలవు. ఒకదానితో వ్రాసిన లేఖ తగినవాఁడు చదివినప్పుడుగాని కానరాదు. వేఱొకటి వ్రాసినవాని కోరికనుబట్టి మాయమై మరల వెలువడును. ఇట్టివి కల్పితలోకములకే చెల్లునని మనము నవ్వుకొందుము. కాని తెలుఁగు తాళపత్రములు వ్రాయఁబడిన తీరును విచారించినచో, ఆ కల్పనలో నొక పాలు మన పెద్దల యటకలమీఁదనే యుండెనని తెలియును.

మన సాహిత్యమున మాయాద్రవ్యమనఁగానే స్ఫురించునది మనుచరిత్రములోని పాదలేపము. సిద్ధుఁ డొసఁగిన పసరును కాళ్లకుఁ బూసికొని ప్రవరుఁడు హిమాలయమున కేఁగెను. మంచునీట నది కరఁగిపోవుటతో శక్తియుఁ బోయెను; ఇల్లు చేరుటకు అగ్నిదేవుని ప్రార్థింపవలసివచ్చెను. తాటాకుపైఁ బూయు పసరు స్వభావము దీనికి విపరీతము. అది పోయినను అక్షరము పోదు.

ఆంధ్రదేశమున లేఖకుఁడు తాటాకుపై మసితో వ్రాయలేదు, ఇనుప గంటముతో గీచెను. గీచిన యక్షరము ఆకురంగుననే యుండును. ఎదుట నిలిచి చూచినవానికి పత్రము వట్టిదిగాఁ దోఁచును. పిమ్మట దీపపుమసిని నూనెతోఁగాని ఆకుపసరుతోఁగాని కలిపి పత్రమంతటను రుద్ది, గుడ్డతోఁ దుడిచివేయుదురు. నునుపైన పైపొరమీఁద మసి నిలువదు, గంటపుగాడిలో నిలుచును. అంతవఱకు లేని లిపి నల్లనై లేచివచ్చును. మన యక్షరముల గుండ్రదనమునకు గంటమే కారణమని తఱచుగాఁ జెప్పుదురు. నాకా వాదము పూర్తిగా రుచింపదు గాని, అది వేఱు చర్చ.

సంస్కృతమున మషి యనఁగా వ్రాఁతకు వాడు సిరా. తెలుఁగున మసి యనఁగా దీపపుఁబొగ పట్టిన నలుపు. కంటికిఁ బెట్టు కాటుకయు, దొంగసొమ్ము జాడకై తమలపాకుమీఁదఁ బూసి పసివానిచేఁ జూపించు అంజనమును ఆ నలుపునుండియే పుట్టినవి. అంజనములోఁ గనఁబడునది చూచువాని మనస్సే కావచ్చును. తాటాకులోఁ గనఁబడునది మాత్రము నిజముగా నచ్చటనే యున్నది.

ఈ మసి మిక్కిలి సూక్ష్మమైన బొగ్గు. వెలుతురునకు వెలవెలఁబోదు, గాలికి మాఱదు. కరక్కాయ కషాయమున అన్నభేది కలిపిన సిరా యట్టిదికాదు: వ్రాయునప్పుడు పలుచనై, గాలిలోని ప్రాణవాయువు సోఁకఁగా నల్లఁబడును, కాలక్రమమునఁ దన పులుపుతోఁ గాగితమును దినివేయును. తుమ్మబంకతోఁ గాగితమున కంటించిన మసికి ఆ దోషము లేదు గాని, నీరు సోఁకినచోఁ జెదరును. సికింద్రాబాదునకు సమీపమున తార్నాకలోని రాష్ట్ర పురాభిలేఖాగారమున షాజహాను, ఔరంగజేబుల కాలపు పారసీకపత్రములు గలవు. అట్టి కాగితముపైఁ జెఱిగిన యక్షరమును మరల మసి పూసి తెప్పింప వీలుపడదు. గంటపు వ్రాఁత కా భయము లేదు.

దీనిని ప్రత్యేకముగా విన్నవించుటకుఁ గారణము గలదు. 1905లో ఆంధ్ర సంవర్ధినీ గ్రంథాలయమును నెలకొల్పికొన్న సికింద్రాబాదు అచ్చుపుస్తకమును ఆదరించిన పట్టణము. తాటాకు చదువ నేర్చినవా రిచ్చటను, ఇతరత్రను తగ్గిపోయిరి. పాతయిల్లు విప్పునపుడు అటకనుండి దిగిన కట్టలో వ్రాఁత కానరానిచో, ఏమియు లేదని పొయ్యిలోఁ బెట్టుట సులభము. విద్యార్థి యట్టి యాకును దెచ్చి చూపినచోఁ బండితులు ముందుగా దానిని దీపమున కేటవాలుగాఁ బట్టి చూడవలెను. గాడులున్నచో వాని నీడలు తెలియును. పిమ్మట నాకును తామే రుద్దక, ప్రాచ్యలిఖిత గ్రంథములను సంరక్షించువారి కొప్పగింపవలెను. వారు మెత్తని కుంచెతో ధూళి తీసి, నిమ్మగడ్డినూనెతోఁ గలిపిన మసిని పూయుదురు.

అన్నిటికి నీ యుపాయము తగదు. ఉత్తరదేశమునను నేపాలమునను తాటాకుపైఁ గలముతో సిరా వ్రాసిన గ్రంథములు గలవు; వానిని రుద్దినచో గ్రంథమే పోవును. చింతగింజల పిండియు బొగ్గును పట్టించిన గుడ్డపై బలపముతో వ్రాసిన కడితములును అట్టివే.

గంటపు వ్రాఁతయందును ఒక చిక్కు గలదు. మసి లేఖకుని గాడిలోనే కాక పురుగు తొలిచిన రంధ్రపుటంచునను నిలుచును. ఆ రంధ్రము పంక్తిలోఁ బడినచోఁ బూర్ణానుస్వారమని భ్రమ కలుగును. లేని సున్న పాఠమునఁ జేరును, ఛందస్సు చెడును, పరిష్కర్త లేఖకుని నిందించును. కావున మసి పూయుటకు ముందే యొక ఛాయాచిత్రమును, పూసినపిదప మఱియొకటియుఁ దీయించి, సందేహము కల్గిన ప్రతి సున్నను రెంటియందును జూడవలెను.