జేన్ స్కాట్ నాటకశాల

నాటకమున పాత్రలు మాటలాడుట సహజము. కాని ఒకప్పుడు లండను నగరమున అట్లు మాటలాడుటకే ప్రభుత్వానుమతి కావలసియుండెను. 1660వ సంవత్సరమున రాజ్యమునకు వచ్చిన రెండవ చార్లెసు రెండు నాటక సమాజములకు మాత్రమే ఆ హక్కు నొసగెను. కాలక్రమమున అది డ్రూరీ లేన్, కోవెంట్ గార్డెన్ నాటకశాలల సొత్తయ్యెను. వేసవిలో హేమార్కెట్ నాటకశాలకును అనుమతి కలదు. తక్కినవారు పాటలతో, నృత్యములతో, మూకాభినయముతో తృప్తిపడవలసినదే. ఇట్టి నిర్బంధముల నడుమ ఏబదికి పైగా నాటకములను రచించి, తానును నటించిన స్త్రీ జేన్ స్కాట్.

ఈమె 1779 ప్రాంతమున జన్మించెను. తండ్రి జాన్ స్కాట్ రంగుల వర్తకుడు. ఉతికిన బట్టలకు పెట్టు నీలిరంగును అమ్మి ఆయన ధనము గడించెను. కుమార్తె ప్రజ్ఞను గుర్తించి, స్ట్రాండు వీధిలో ఒక నాటకశాలను కట్టించెను. 1806లో అది తెరువబడెను. దాని పేరు ‘సాన్ పరేల్’. ఫ్రెంచి భాషలో ఆ మాటకు ‘సాటిలేనిది’ అని యర్థము.

మొదట జేన్ ఒంటరిగానే వేదిక నెక్కి పాటలతోను, పఠనములతోను ప్రేక్షకులను రంజింపజేసెను. పిమ్మట నటీనటులను చేర్చుకొని పెద్ద నాటకములకు పూనుకొనెను. చట్టము మాటను కాదన్నచోట ఆమె పాటను నిలిపెను. పాత్రల కోపమును, భయమును వాద్యసంగీతము తెలిపెడిది. చేతి సైగయు, మొగము తీరును సంభాషణకు బదులయ్యెడివి. 1816లో ప్రదర్శించిన ‘ది ఓల్డ్ ఓక్ చెస్ట్’, అనగా ‘పాత ఓకుకర్ర పెట్టె’, ఆమె నాటకములలో మిక్కిలి పేరు గన్నది. బాలురు కాగితపు బొమ్మలతో ఆడుకొను నాటకములలో సైతము అది చేరెను. ‘ట్రెజర్ ఐలండ్’ రచయిత రాబర్ట్ లూయీ స్టీవెన్సన్ తన బాల్యమునాటి బొమ్మ నాటకములను తలచుకొనుచు 1884లో దానిని పేర్కొనెను. కాని రచయిత్రి పేరు అందు లేదు.

1819లో నాటకశాల ఇతరుల చేతికి పోయి ‘అడెల్ఫీ’ యయ్యెను. జేన్ రంగస్థలమునుండి విరమించి, 1839లో మరణించెను. నాలుగేండ్లకు, 1843లో, పెద్ద నాటకశాలల గుత్తహక్కును చట్టము తొలగించెను. ఆ మార్పును ఆమె చూడలేదు.

ఆమె నాటకములలో అనేకము అచ్చుకాలేదు. అయినను అవి నశింపలేదు. ఏల? ఆనాడు ప్రతి నాటకమును ప్రదర్శనకు ముందు ప్రభుత్వ పరీక్షకునకు పంపవలెను. జాన్ లార్పెంట్ అను పరీక్షకుడు తన యొద్దకు వచ్చిన వ్రాతప్రతులను దాచి యుంచెను. అవి నేడు అమెరికాలో, కాలిఫోర్నియాయందలి హంటింగ్టన్ గ్రంథాలయమున భద్రముగా నున్నవి. జేన్ నాటకములును వానిలో గలవు. ఆమె కలమునకు హద్దులు గీచిన చట్టమే ఆమె వ్రాతలను కాపాడినది! స్ట్రాండు వీధిలో అదే తావున 1930లో నిర్మింపబడిన అడెల్ఫీ నాటకశాల నేటికిని నిలిచియున్నది. నేడు అచ్చట నటులు నిరాటంకముగా మాటలాడుచున్నారు.