తోక దాచుకునే ఫైళ్ళు

పిల్లలూ, స్నేహితుడు పెన్‌డ్రైవులో సినిమా ఇచ్చాడనుకోండి. వెంటనే నొక్కకండి! ఫైలు పేరు చివర చుక్క పెట్టి మూడు నాలుగు అక్షరాలుంటాయి. అది దాని తోక. ఎంపీ4 అంటే వీడియో; ఈఎక్స్‌ఈ అంటే ప్రోగ్రాము, నొక్కితే తన పని తాను మొదలుపెడుతుంది. చిక్కేమిటంటే, విండోస్ మామూలుగా చివరి తోకను చూపదు. అందుచేత "సినిమా.ఎంపీ4.ఈఎక్స్‌ఈ" మనకు "సినిమా.ఎంపీ4"గా కనిపిస్తుంది!

2000 మే నెలలో సరిగ్గా ఇలాగే జరిగింది. ఫిలిప్పీన్సులో పుట్టిన ఒక వైరసు ప్రేమలేఖ పేరుతో ఈమెయిళ్ళలో వచ్చింది. పైకి టీఎక్స్‌టీ, అసలు తోక వీబీఎస్. పాపం, తెరిచినవారి ఫొటోలను చెరిపి వాటి స్థానంలో తన నకళ్ళు పెట్టింది. వారికి తెలిసినవారందరికీ తానే ఉత్తరాలు పంపుకున్నది.

ఫోల్డరులో "వ్యూ" నొక్కి "ఫైల్ నేమ్ ఎక్స్‌టెన్షన్స్" ఎంచుకుంటే తోక బయటపడుతుంది.

"ఈ కోడెక్ పెట్టుకుంటేనే వీడియో వస్తుంది" అని ఫైలు అడిగితే నమ్మకండి. పారిస్ విద్యార్థులు 1996లో ఆరంభించిన వీఎల్‌సీలో చాలా కోడెక్‌లు ఉండనే ఉన్నాయి. పెన్‌డ్రైవులో వేసుకుని తిరగదగిన వీఎల్‌సీ కూడా ఉన్నది. అయితే దాన్ని చేసినవారి సైటునుంచే, నాన్నగారినో అమ్మనో పక్కన పెట్టుకుని తెచ్చుకోవాలి. ఇతరుల నకలులో ఏం కలిసిందో ఎవరికెరుక?

ఇంకొక ఉపాయం: ముందు వీఎల్‌సీ తెరిచి, దానిలోనుంచి ఫైలు తెరవండి. ఫైలు ఈఎక్స్‌ఈ అయితే వీఎల్‌సీ దాన్ని నడపదు. బొమ్మ పడదు, అంతే!