సూరత్ పత్తి - బొంబాయి దివాలా

సూరత్‌కు ఉత్తరాన, బరోడా వెళ్ళే రైలుమార్గం మీద కిమ్ అనే చిన్న పట్టణం ఉంది. బొంబాయి, బరోడా అండ్ సెంట్రల్ ఇండియా రైల్వే 1860లో అంకలేశ్వర్ నుంచి ఉత్రాన్ వరకు ప్రారంభించిన తొలి మార్గం ఈ ఊరి మీదుగానే సాగింది. ఆ మరుసటి సంవత్సరమే ఈ సీమలోని పత్తిచేల భవితవ్యం సముద్రాల ఆవల జరిగే యుద్ధంతో ముడిపడింది.

1861లో అమెరికాలో అంతర్యుద్ధం చెలరేగింది. ఉత్తరాది నౌకలు దక్షిణాది రేవులను దిగ్బంధించాయి. అమెరికా పత్తినే నమ్ముకున్న లాంకషైర్ మిల్లులు మూతపడసాగాయి. 1862 చివరికి అక్కడ సుమారు 5 లక్షల మంది ధర్మసహాయంపై బ్రతకవలసి వచ్చింది. అంతవరకు పొట్టిపింజ అని ఈసడించిన ‘సూరత్’ పత్తికి ఒక్కసారిగా గిరాకీ పుట్టింది. లివర్‌పూల్‌లో దాని ధర సుమారు నాలుగింతలైంది. మన కాకినాడ రేవు ప్రాముఖ్యానికి రావడం కూడా ఈ పత్తి ఎగుమతుల వల్లనే.

బొంబాయికి బంగారం వెల్లువెత్తింది. దానిని మదుపు పెట్టే మార్గం వెదుకుతూ బ్యాంకులు, సముద్రాన్ని పూడ్చే కంపెనీలు పుట్టగొడుగుల్లా వెలిశాయి. సూరత్‌లో జన్మించిన ప్రేమ్‌చంద్ రాయ్‌చంద్ ఈ సంరంభానికి నాయకుడు. బ్యాక్‌బే కంపెనీవారి 5,000 రూపాయల వాటా 50,000 పలికింది. వాటాలను తాకట్టు పెట్టుకొని బ్యాంకులు అప్పులిచ్చాయి. ఆ అప్పుతో జనం మరిన్ని వాటాలు కొన్నారు. ఇంత భవనానికీ పునాది ఒక్కటే: యుద్ధం కొనసాగుతుందన్న నమ్మకం.

1865 ఏప్రిల్‌లో సేనాని లీ లొంగిపోయాడు. పత్తి ధర కుప్పకూలింది. జులై 1న తీరవలసిన వాయిదా బేరాలు తీరలేదు. వర్తకులు వరుసగా ఐ.పి. పెట్టారు. 1866 మేలో లండన్‌లో ఓవరెండ్ గర్నీ సంస్థ కూలడంతో సంక్షోభం మరింత ముదిరింది. ప్రభుత్వానికి కూడా వాటాలున్న బ్యాంక్ ఆఫ్ బొంబాయి 1868లో మూతపడింది.

నష్టం నగరంతో ఆగలేదు. పత్తి కాలపు కలిమిని చూసి దక్కనులో 1867 నుంచి భూమిశిస్తు పెంచారు. ధరలు పడిపోయినా శిస్తు దిగలేదు. సాహుకార్లు కొత్త అప్పులు నిరాకరించారు. 1875లో పూనా, అహ్మద్‌నగర్ జిల్లాల రైతులు తిరగబడి అప్పుపత్రాలను తగులబెట్టారు.

దూరదేశపు యుద్ధం తెచ్చిన లాభంలో రైతుకు దక్కింది కొద్దిపాటి భాగమే. నష్టం మాత్రం అప్పుపత్రం రూపంలో అతని గడప దాకా నడచి వచ్చింది. 2008లో అమెరికా గృహరుణాలు వికటించినపుడు సూరత్ వజ్రాల కార్ఖానాలలో వేలాది సానపనివారు ఉపాధి కోల్పోయారు. సరుకు మారింది, భారం మోసేవారు మారలేదు.