డబ్ల్యూబీఎఫ్ఎస్

డబ్ల్యూబీఎఫ్ఎస్ అనేది నింటెండో సంస్థ 2006లో విడుదల చేసిన వీ అనే వీడియో గేమ్ యంత్రపు ఆటల నకళ్ళను భద్రపరచే విధానం. 2009లో ఔత్సాహికులు దీనిని హార్డుడిస్కు విభాగాన్ని అమర్చే పద్ధతిగా రూపొందించారు. తరువాత అదే పేరు ఒక్కొక్క ఆటను విడిగా దాచే ఫైలుకు కూడా వచ్చింది. తయారీదారు అనుమతితో నిమిత్తం లేకుండా ఔత్సాహికులు వ్రాసిన సాఫ్టువేరును హోంబ్రూ అంటారు. ఈ నకళ్ళు నడవాలంటే యంత్రంలో ముందుగా హోంబ్రూను స్థాపించి ఉండాలి.

అవసరం

డిస్కు గీతలు పడినా, డిస్కును చదివే భాగం అరిగిపోయినా ఆట చేజారిపోతుంది. వీ తయారీ నిలిచిపోయినందున విడిభాగాలు దొరకడం కష్టం. అందుచేత డిస్కు బాగున్నప్పుడే నకలు తీసుకోవడం మేలు.

మార్పిడి

క్లీన్‌రిప్ అనే హోంబ్రూ ప్రోగ్రాము వీ యంత్రంలోనే డిస్కును చదివి ఐఎస్ఓ ఫైలును తయారుచేస్తుంది. ఒక పొర గల డిస్కు నకలు పరిమాణం 469,99,79,776 బైట్లు. ఆట చిన్నదైనా ఈ సంఖ్య మారదు; మిగిలిన ఖాళీని అర్థంలేని దత్తాంశంతో నింపుతారు. డబ్ల్యూబీఎఫ్ఎస్‌గా మార్చినపుడు ఈ పూరకం తొలగిపోయి ఫైలు చిన్నదవుతుంది.

ఫ్యాట్32 పద్ధతిలో ఒక ఫైలు 4 గిగాబైట్లకు లోపే ఉండాలి. అంతకు మించితే మార్పిడి సాధనాలు దానిని రెండు ముక్కలు చేస్తాయి. రెండూ ఒకే ఫోల్డరులో ఉండాలి.

పేర్లు

ప్రతి ఆటకు ఆరు అక్షరాల గుర్తింపు సంకేతం ఉంటుంది. ఉదాహరణకు మారియో కార్ట్ వీ అమెరికా ప్రతికి ఆర్ఎంసీఈ01. ఇందులో నాలుగవ అక్షరం ప్రాంతాన్ని, చివరి రెండు ప్రచురణకర్తను తెలుపుతాయి. ఫైలుకు ఈ సంకేతాన్నే పేరుగా పెట్టి, డబ్ల్యూబీఎఫ్ఎస్ అనే ఫోల్డరులో ఉంచాలి. పేరు తప్పితే ఆట జాబితాలో కనిపించకపోవచ్చు.

జాగ్రత్తలు

తొలగించిన పూరకం చాలా సాధనాలతో తిరిగి రాదు. అప్పుడు నకలు మూలంతో సరిపోలినదో లేదో చెక్‌సమ్‌తో నిర్ధారించలేము. కావున మార్పిడికి ముందే ఐఎస్ఓ ఫైలును సరిచూసి, వేరొక చోట దాచుకోవాలి. డాల్ఫిన్ ఎమ్యులేటరు 2020లో ప్రవేశపెట్టిన ఆర్‌వీజెడ్ ఫైలు నుండి మాత్రం మూలాన్ని యథాతథంగా తిరిగి పొందవచ్చు.

చట్టం

భారత కాపీరైటు చట్టానికి (1957) 2012 సవరణతో చేరిన 65ఏ సెక్షను ప్రకారం, హక్కులను అతిక్రమించే ఉద్దేశంతో సాంకేతిక రక్షణను ఛేదించడం శిక్షార్హం. నకళ్ళను ఇతరులకు పంచడం, అమ్మడం కాపీరైటు ఉల్లంఘన అవుతుంది.